2006 మారుతి 800కి నేనే పెయింట్ వేసుకోవాలనుకుంటున్నా. ఏ రకం కొనాలి? (బెంగళూరు)

మదనపల్లి_800

అందరికీ నమస్కారం. మాది మదనపల్లి. పదకొండేళ్ళుగా బెంగళూరు రామమూర్తినగర్‌లో ఉంటున్నాం. నా దగ్గర 2006 మారుతి 800 ఉంది, తెల్లది. మా మేనమామ వాడుకుని, నాకు పాప పుట్టినప్పుడు "ఎండలో బిడ్డను స్కూటర్ మీద తిప్పొద్దురా" అని తాళాలు చేతిలో పెట్టినాడు. ఇంజన్‌కి ఏ లోటూ లేదు. డిసెంబర్ చలిలో కూడా ఒక్క సెల్ఫ్‌కే అందుకుంటుంది. బాధంతా రంగుతోనే.

2021లో ఆర్‌సీ రెన్యువల్ చేయించినా. ఆ ఐదేళ్ళ గడువు ఈ ఏడాదితో అయిపోతుంది. మళ్ళా ఫారం 25 పెట్టుకుని బండిని ఆర్‌టీఓ దగ్గర నిలబెట్టేలోపల దాన్ని మంచిగా చేయాలని నా తపన. రంగు మార్చను, తెలుపే. ఆర్‌సీలో రాసింది అదే కాబట్టి ఆ తలనొప్పి లేదు.

ఇప్పుడు బండి పరిస్థితి చెప్తా. రూఫ్, బానెట్ మీద చెయ్యి పెడితే సుద్దముక్క పట్టుకున్నట్టు తెల్లపొడి అంటుకుంటుంది. ఇంటి ముందు కానుగ చెట్టు ఉంది. దాని జిగురంతా బండి మీదే. కాకిరెట్టలు పడినచోట బానెట్ మీద నాలుగు మచ్చలు లోపలికి తినేసినాయి. ఎడమవైపు ముందు డోరు, ఫెండర్ కథ వేరే. 2019లో ఒక ఆటో గీసుకుంటూ పోతే దగ్గర్లో ఒక షాపులో ఇచ్చినా. "కంపెనీ పెయింటే వేస్తాం సార్" అని ఏడు వేలు తీసుకున్నారు. రెండేళ్ళకే పసుపుపచ్చగా మారింది. ఇప్పుడు ఎండిన చెరువులో నేల నెర్రెలిచ్చినట్టు అంతా పగుళ్ళు. ఆ డోరు చూసినప్పుడల్లా ప్రాణం ఉసూరుమంటుంది.

ఫుల్ బాడీకి మూడు చోట్ల అడిగితే ముప్పై రెండు వేల నుంచి నలభై దాకా చెప్పినారు. అంత పెట్టలేను. మా ఊరి స్నేహితుడు ఒకడు ఇక్కడ ఫర్నిచర్ పాలిష్ పని చేస్తాడు. వాని దగ్గర ఒక హెచ్‌పీ కంప్రెసర్, స్ప్రే గన్ ఉన్నాయి, ఇస్తానన్నాడు. చెక్క పని అలవాటు కాబట్టి "ఎన్‌సీ కొట్టు, అరగంటలో ఆరిపోతుంది" అంటాడు. జేసీ రోడ్డులో పెయింట్ షాపుకి పోతే ఆయన నాలుగు రకాలు చెప్పినాడు: సింథటిక్ ఎనామెల్ చవక, ఎన్‌సీ సులువు, టూకే పీయూ గట్టి, బేస్ కోట్ మీద క్లియర్ అయితే షోరూం మెరుపు. నాకు తల తిరిగింది.

మాది గ్రౌండ్ ఫ్లోర్ అద్దె ఇల్లు. పక్కన రేకుల షెడ్డులో బండి పెడతా. పైన ఓనర్ వాళ్ళు ఉంటారు. ఇంట్లో నా భార్య, నాలుగేళ్ళ పాప. పని నేర్చుకుని చేయడానికి నాకు ఓపిక ఉంది, ఎన్ని ఆదివారాలైనా సరే. తెలిసినవాళ్ళు దయచేసి చెప్పండి.

బెళ్ళందూరు_జెన్

బ్రదర్, 2022లో నా జెన్‌కి నేను సొంతంగా ఎన్‌సీ వేశాను. నా అనుభవం చెప్తాను, ఆ తప్పులు మీరు చేయొద్దు.

నేను మొదలుపెట్టింది జూలైలో. అదే పెద్ద పొరపాటు. వాన పడట్లేదు కదా అని ఒక ఆదివారం సాయంత్రం బానెట్‌కి కోటింగ్ ఇచ్చాను. పది నిమిషాల్లో రంగు మీద బూజు పట్టినట్టు తెల్లటి పొర వచ్చేసింది. నాది మెరూన్ రంగు, కాబట్టి స్పష్టంగా కనిపించింది. తర్వాత తెలిసింది ఏమిటంటే, థిన్నర్ గబగబా ఎగిరిపోతుంటే రేకు చల్లబడుతుంది, గాలిలో తేమ ఎక్కువగా ఉంటే ఆ చల్లటి రేకు మీద మంచులా దిగి రంగులో ఇరుక్కుంటుంది. నిదానంగా ఆరే థిన్నర్ కలిపి ఇంకో పల్చటి కోటు ఇస్తే కొంత పోయింది. అంతా పోలేదు. ఫిబ్రవరి, మార్చి నెలల్లో ఎండ పూర్తిగా వచ్చాక, పదకొండు నుంచి మూడు లోపల చేయండి.

రెండోది కంప్రెసర్. ఒక హెచ్‌పీ, పాతిక లీటర్ల ట్యాంకు ఫర్నిచర్‌కి సరిపోతుంది. రూఫ్ సగం అయ్యేసరికి ట్యాంకు ఖాళీ, గన్ తుంపర్లు ఉమ్మడం మొదలుపెడుతుంది. ఒక్కో ప్యానెల్‌కి ఆగి, ట్యాంకు నిండనిచ్చి కొట్టాలి. పైపుకి నీటిని పట్టే ఫిల్టర్ తప్పకుండా పెట్టండి. నాకు ఒక డోరు మీద నీటి బొట్లు పడి మొత్తం గీకాల్సి వచ్చింది.

ఇంకొకటి. నేను పెయింట్ వేసే ముందురోజు లోపల డ్యాష్‌బోర్డుకి మెరుపు స్ప్రే కొట్టాను. దాంట్లో సిలికాన్ ఉంటుంది. మర్నాడు రంగు పడ్డచోటల్లా చేపకళ్ళలా గుండ్రటి గుంటలు. ఆ స్ప్రే డబ్బాని ఆ నెలంతా షెడ్డు దరిదాపులకు రానివ్వకండి.

ఎన్‌సీ సులువే, కాదనను. తప్పు చేస్తే సరిదిద్దుకోవచ్చు. కానీ నాలుగేళ్ళు కాకముందే మెరుపు మొత్తం పోయింది. పాలిష్ చేసినప్పుడల్లా గుడ్డకి రంగు వస్తోంది.

ఆటోనగర్_చెయ్యి

తమ్ముడూ, నేను విజయవాడ ఆటోనగర్‌లో పదహారేళ్ళప్పుడు ఎమరీ పేపర్ పట్టుకున్నాను. ఇరవై ఆరేళ్ళయింది. పన్నెండేళ్ళుగా బెంగళూరులోనే ఒక బాడీషాపులో బూత్‌లో, అంటే పెయింట్ కొట్టడానికే కట్టిన మూసిన గదిలో, స్ప్రే చేస్తున్నాను. నువ్వు రాసింది రెండుసార్లు చదివాను. ఓపిక ఉందన్నావు కాబట్టి వివరంగా చెప్తాను.

ఏ పెయింట్ కొనాలని అడిగావు. దానికన్నా ముందు తేల్చుకోవాల్సింది, నీ బండి మీద ఇప్పుడు ఏ పెయింట్ ఉంది అని. పైన వేసేది కిందున్నదానితో పొసగాలి. కింద ఏముందో తెలియకుండా ఎంత ఖరీదైనది తెచ్చి కొట్టినా అది పొంగుతుంది, లేదా ముడుచుకుంటుంది, లేదా ఏడాదికి పెచ్చులూడుతుంది. మా దగ్గరికి వచ్చే పాడైన పనుల్లో ఎక్కువ భాగం పెయింట్ నాసిరకమై పాడైనవి కావు, కింద చూసుకోక పాడైనవి.

నాలుగు రకాలూ ఎలా ఆరతాయో తెలిస్తే నీకే అర్థమవుతుంది.

ఎన్‌సీ అంటే నైట్రోసెల్యులోజ్ లాకర్. మనవాళ్ళు డ్యూకో అంటారు. 1920లలో అమెరికాలో డ్యూపాంట్ కంపెనీ తెచ్చిన లాకర్ పేరు అది. అంతకుముందు ఒక కారుకి రంగు వేసి ఆరబెట్టాలంటే వారాలు పట్టేది, ఇది వచ్చాక గంటల్లోకి దిగింది. ఆ పేరు మన నోళ్ళలో ఎంతగా నిలిచిపోయిందంటే ఈ రోజుకీ ఏ పెయింట్ వేసినా డ్యూకో చేయించాం అంటారు. అది కేవలం థిన్నర్ ఎగిరిపోవడం వల్ల ఆరుతుంది, అంతకుమించి లోపల ఏ మార్పూ జరగదు. అందుకే పదేళ్ళ తర్వాతైనా థిన్నర్ తగిలితే మళ్ళీ కరుగుతుంది. పెట్రోలు కారినా మెత్తబడుతుంది.

సింథటిక్ ఎనామెల్ మనం గేట్లకీ కిటికీ గ్రిల్స్‌కీ వేసేది. అది గాలిలో ఆక్సిజన్ పట్టుకుని మెల్లగా గట్టిపడుతుంది. పైన ఆరినట్టుంటుంది, లోపల చాలా రోజులు పచ్చిగానే ఉంటుంది. ఆ సమయంలో దాని మీద ఎన్‌సీ థిన్నర్ పడిందా, కాగిన పాల మీద మీగడని వేలితో నెట్టినట్టు ముడతలు పడిపోతుంది. కారు మీద ఎండకి తొందరగా వెలుస్తుంది కూడా. నీ బండికి నేను దీన్ని ఒప్పుకోను.

టూకే పీయూ అంటే పాలీయురేథేన్, రెండు డబ్బాలు, పెయింట్ ఒకటి, దాన్ని గట్టిపరిచే హార్డనర్ ఒకటి. కలిపిన క్షణం నుంచి రెండూ ఒకదాన్నొకటి పట్టుకోవడం మొదలవుతుంది. కలిపింది కలిపినట్టు వాడేయాలి. మధ్యలో భోజనానికి వెళ్ళావంటే గన్‌లోనే రాయి అవుతుంది. ఒకసారి గట్టిపడ్డాక థిన్నర్‌కి లొంగదు, పెట్రోలుకి లొంగదు. కారుకి నిలబడే పెయింట్ ఇదే.

ఇక బేస్ కోట్ మీద క్లియర్, అంటే రంగుపొర మీద రంగులేని పారదర్శకమైన పొర. మెటాలిక్ రంగులకి ఇది తప్పనిసరి. నీది సాదా తెలుపు, మారుతిలో సుపీరియర్ వైట్ అంటారు, కోడ్ 26యూ. ఒకసారి బానెట్ ఎత్తి ప్లేటు మీద అదే ఉందో లేదో చూసుకో. ఆ తెలుపుకి టూకే ఒక్కటే చాలు, పైన క్లియర్ అక్కర్లేదు. నీ అదృష్టం బండి సిల్వర్ కాదు. సిల్వర్ అయితే మొదటిసారి చేసేవాడిని వద్దనే అనేవాణ్ణి. దాంట్లో అల్యూమినియం రేణువులు చెయ్యి వేగాన్ని బట్టి, గన్ దూరాన్ని బట్టి పడుకుంటాయి. డోరుకి ఒకలా, ఫెండర్‌కి ఒకలా కనిపిస్తుంది.

ఇంకో మాట. "కంపెనీ పెయింటే వేస్తాం" అని నీకు చెప్పారు చూడు, ఆ మాటకి అర్థమే లేదు. ఫ్యాక్టరీలో ఉత్త బాడీకి రంగు కొట్టి 140 డిగ్రీల దగ్గర ఓవెన్‌లో కాలుస్తారు. సీట్లు, వైర్లు, రబ్బర్లు బిగించిన బండిని ఆ వేడిలో పెడితే మిగిలేది ఏమీ ఉండదు. మా బూత్‌లో పెట్టేది 60 డిగ్రీలు, అరగంట. ఈ పని చేసే ఏ షాపులోనూ ఆ ఫ్యాక్టరీ పెయింట్ ఉండదు. నీ డోరుకి ఏం కొట్టారో నాకు అనుమానం ఉంది, కానీ అనుమానంతో పని చేయకూడదు.

కాబట్టి ముందు ఇది చెయ్. తెల్లటి కాటన్ గుడ్డ తీసుకుని మంచి టూకే థిన్నర్‌లో తడుపు. డోరు కింది అంచు దగ్గర, కనిపించనిచోట, ఒక నిమిషం అదిమి పట్టుకో. తర్వాత తుడువు. గుడ్డకి రంగు దిగి, తుడిచినచోట నున్నగా కరిగితే అది ఎన్‌సీ. ముడతలు పడి పైకి లేస్తే సింథటిక్. ఏమీ కాకుండా అలాగే ఉంటే అది టూకే గానీ ఫ్యాక్టరీది గానీ. రూఫ్ మీద, బానెట్ మీద, రెండువైపుల డోర్ల మీద, అన్నిచోట్లా చేసి ఇక్కడ రాయి. ఫ్రిజ్‌కి అంటించే అయస్కాంతం ఉంటే దాన్నీ ప్రతి ప్యానెల్ మీద పెట్టి చూడు. దాని సంగతి తర్వాత చెప్తా.

అప్పటిదాకా ఒక్క డబ్బా కూడా కొనొద్దు.

సిస్టర్_హెబ్బాళ

పెయింట్ పని నాకు తెలియదు. నేను నర్సుని. కానీ ఇంట్లో నాలుగేళ్ళ పాప ఉందని చదివాక రాయకుండా ఉండలేకపోయాను.

మా తమ్ముడు ఒక వర్క్‌షాపులో ఆరేళ్ళు పెయింటర్‌గా చేశాడు. ముఖానికి చేతిరుమాలు కట్టుకుని టూకే కొట్టేవాడు. మొదట రాత్రిళ్ళు దగ్గు. దుమ్మనుకున్నాం. తర్వాత పిల్లికూతలు మొదలయ్యాయి. ఆదివారం, పండగ సెలవుల్లో తగ్గిపోయేది, సోమవారం రాత్రికి మళ్ళీ వచ్చేది. డాక్టరు అడిగిన మొదటి ప్రశ్నే "ఏం పని చేస్తావు" అని. ఆ హార్డనర్‌లో ఐసోసయనేట్లు ఉంటాయి. పని వల్ల వచ్చే ఆస్తమాకి ముఖ్యమైన కారణాల్లో అవి ఒకటి. ఒకసారి ఒంటికి అవి పడకుండా అయ్యాక, ఆ తర్వాత చాలా కొద్దిగా తగిలినా ఆయాసం వస్తుంది. మా వాడు ఇప్పుడు పక్క వీధిలో కారు పెయింట్ చేస్తున్నా కిటికీలు మూసుకుంటాడు. ఆ పని వదిలేశాడు, డెలివరీ చేస్తున్నాడు.

బొగ్గు ఫిల్టర్ మాస్క్ ఉంది కదా అనుకోవద్దు. ఫిల్టర్ అయిపోయిందని థిన్నర్ అయితే వాసనతో తెలుస్తుంది. ఐసోసయనేట్లు హాని చేసే మోతాదులో ఉన్నా వాసన రాదు, కాబట్టి మాస్క్ పని చేస్తోందో లేదో మీకు తెలిసే దారే లేదు. గడ్డం ఉంటే మాస్క్ ముఖానికి సరిగ్గా అతుక్కోదు కూడా. బయటినుంచి శుభ్రమైన గాలి పైపు ద్వారా వచ్చే మాస్క్ కావాలి. మీకు ఆ మాస్క్ దొరికినా, రేకుల షెడ్డులో కొడితే ఆ పెయింట్ తుంపర మీ పాప గదిలోకి, పైన ఓనర్ వాళ్ళ ఇంట్లోకి వెళ్తుంది. వాళ్ళకి ఎవరు మాస్క్ ఇస్తారు?

దయచేసి ఆలోచించండి.

ఆటోనగర్_చెయ్యి

ఆ అక్క చెప్పిన ప్రతి మాటా నిజం. నేను బూత్‌లో గాలి పైపు మాస్క్ లేకుండా గన్ పట్టుకోను. ఆటోనగర్‌లో మేం మొదలుపెట్టిన రోజుల్లో ఎవరికీ తెలియదు, అందరం రుమాలు కట్టుకునేవాళ్ళం. నాతో పని నేర్చుకున్నవాళ్ళలో ఇద్దరు ఇప్పుడు నాలుగు మెట్లు ఎక్కితే ఆగిపోతారు. తమ్ముడూ, టూకే నీ షెడ్డులో కొట్టొద్దు. దానికి దారి వేరే ఉంది, నీ టెస్టు ఫలితాలు రానీ, చెప్తా.

మదనపల్లి_800

అక్కా, మీ మాట చదివి నా భార్యకు కూడా చూపించినా. షెడ్డులో టూకే మాట ఇక లేదు. చాలా థ్యాంక్స్.

అన్నా, ఆదివారం పొద్దున టెస్టు చేసినా. ప్లేటు మీద 26యూ అనే ఉంది. మిగతాది చూసినట్టు చెప్తా.

కుడి డోర్లు రెండూ: గుడ్డకి లేశమంత తెలుపు, అంతే. రేకు అట్లే ఉంది.

ఎడమ ముందు డోరు: నిమిషం కూడా కాలేదు, గుడ్డ ఎత్తితే జిగురు జిగురుగా తీగ సాగింది. బొటనవేలు పెడితే ముద్ర పడింది. ఇంకొంచెం తుడిస్తే కింద బూడిద రంగు. అది కూడా మెత్తబడింది. ఫెండర్ కూడా అంతే.

రూఫ్, బానెట్: గుడ్డ మొత్తం తెల్లగా అయిపోయింది! అంటే రూఫ్‌కి కూడా ఎవరో ఎన్‌సీ కొట్టినారా? మా మామను అడిగితే ఎప్పుడూ ముట్టుకోలేదంటాడు.

అయస్కాంతానికి మా పాప అక్షరాల బొమ్మల్లో "అ" తీసుకున్నా. కుడి డోరు మీద టక్కున అతుక్కుంది. ఎడమ డోరు హ్యాండిల్ కింద పెడితే జారి కింద పడింది. ఒక జానెడు మేర ఎక్కడ పెట్టినా నిలబడలేదు. పాప అయితే "అమ్మో, అక్కడ కారు లేదు నాన్నా" అనింది.

ఆటోనగర్_చెయ్యి

పాప సరిగ్గానే చెప్పింది. అక్కడ రేకు లోతుగా ఉంది, పైనంతా పుట్టీయే. సొట్ట లాగి సరిచేయకుండా గోడకి లప్పం పెట్టినట్టు నింపేశారు. పల్చగా ఒకటి రెండు మిల్లీమీటర్లు ఉంటే అయస్కాంతం కాస్త బలహీనంగానైనా నిలబడేది. డోరు, ఫెండర్ మీద కొట్టింది ఎన్‌సీ, కిందున్న ప్రైమర్ కూడా అదే జాతి. నీ ఏడు వేలకి వాళ్ళు చేసింది అది.

రూఫ్ గురించి కంగారు పడకు. పొడిగుడ్డతో తుడిచినా తెలుపు వస్తుంది కదా? అది పెయింట్ కరగడం కాదు, సుద్ద. ఇరవై ఏళ్ళ ఎండకి పైపొరలో జిగురు చచ్చిపోయి రంగుపొడి మాత్రం మిగిలింది. పైన క్లియర్ లేని సాదా రంగుల్లోనే ఇట్లా చేతికి పొడి వస్తుంది. ఒక పని చెయ్. రూఫ్‌ని షాంపూతో కడిగి, ఒక మూరెడు మేర రబ్బింగ్ కాంపౌండ్‌తో చేత్తో రుద్దు, తెలుపు రావడం తగ్గేదాకా. శుభ్రంగా తుడిచి, అప్పుడు థిన్నర్ గుడ్డ పెట్టు. రంగు కదలకపోతే అది ఫ్యాక్టరీ పెయింటే. రుద్దినచోట మెరుపు వచ్చి, ఎక్కడా బూడిద రంగు ప్రైమర్ బయటపడకపోతే రూఫ్‌కి అసలు పెయింటే వద్దు. కాంపౌండ్ చేసి పైన వ్యాక్స్ వేసుకో. ఫ్యాక్టరీ పెయింట్‌ని గీకి పారేసి మన పెయింట్ వేయడానికి నాకు ఎప్పుడూ మనసొప్పదు, ఎందుకంటే దానంత గట్టిది మనం వేయలేం.

బానెట్ మీద రెట్ట మచ్చలు లోతుగా ఉంటే అది మాత్రం పెయింట్‌కి వెళ్ళాలి.

ఇప్పుడు డోరు, ఫెండర్. అక్కడున్న ఎన్‌సీ మీద టూకే వేయొద్దు. కొంతమంది మధ్యలో ఏదో ఒక ప్రైమర్ కొట్టి కప్పేద్దాం అంటారు. కింద పగిలిన నేల ఉంటే పైన ఎంత మంచి ఇల్లు కట్టినా ఆ పగుళ్ళు గోడల్లోకి వస్తాయి. రెండే ప్యానెల్స్ కాబట్టి రేకు దాకా తీసేయ్. 80 నంబరు పేపర్‌తో మొదలుపెట్టు. పొడిగానే రుద్దాలి, పుట్టీ నీళ్ళు పీలుస్తుంది, ఆ నీళ్ళే తర్వాత తుప్పై బుడగలై లేస్తాయి. దుమ్ము మాస్క్ పెట్టుకో, పాపని లోపల ఉంచు. పుట్టీ మొత్తం తీశాక ఆ సొట్టని ఒక టింకరింగ్ ఆయనకి చూపించు. వెనకనుంచి కొట్టి సరిచేయడానికి అరపూట పని. మిగిలిన కొద్దిపాటి ఎత్తుపల్లాలకి పాలిస్టర్ పుట్టీ పల్చగా, 80తో రుద్ది, 180తో, 320తో ముగించు. అరచెయ్యి బల్లపరుపుగా పెట్టి, కళ్ళు మూసుకుని, పొడవునా జరుపు. కంటికి కనపడని గుంట చేతికి తెలుస్తుంది. మా గురువు మాకు మొదటి ఆరు నెలలు ఇదే చేయించాడు.

ఆ తర్వాత ఎపాక్సీ ప్రైమర్. ఇది కూడా రెండు డబ్బాలే, కానీ దీని హార్డనర్ ఎమీన్ రకం, ఐసోసయనేట్ కాదు. కొనేటప్పుడు డబ్బా మీద చదివి నిర్ధారించుకో. బొగ్గు ఫిల్టర్ మాస్క్, చేతులకి గ్లౌజులు, కళ్ళద్దాలు తప్పనిసరి, చర్మానికి తగిలితే దద్దుర్లు వస్తాయి. ఇంట్లోవాళ్ళంతా, పైన ఓనర్ వాళ్ళు కూడా, బయటికి వెళ్ళిన రోజు చూసుకుని కొట్టు. షెడ్డులో స్టవ్వు, దీపం, సిగరెట్ ఏమీ ఉండకూడదు. గన్‌కి 1.6 నాజిల్ పెట్టు, పెద్దగా ఉంటేనే ప్రైమర్ దిగుతుంది. నీ స్నేహితుడి కంప్రెసర్ ఒక్కో ప్యానెల్‌కి సరిపోతుంది.

ఇక టూకే. ఇక్కడిదాకా పని మొత్తం నువ్వే చేసుకుంటే, చిన్న బాడీషాపుల్లో కొన్ని బూత్‌లో స్ప్రే మాత్రమే చేసిపెడతాయి. ఫుల్ పెయింట్‌కి నువ్వు విన్న ధరల్లో ఎక్కువ భాగం రుద్దే కూలీయే, గన్ పట్టుకునేది గంటసేపే. రబ్బర్లు, హ్యాండిల్, అద్దం నువ్వే విప్పి, మాస్కింగ్ పేపర్ నువ్వే అంటించుకుని వెళ్ళు. పెయింట్ నువ్వే కొనుక్కెళ్ళు, అప్పుడు ఏం కొట్టారో నీకు అనుమానం ఉండదు. హార్డనర్ డబ్బా నీ కళ్ళముందు తెరవమని అడుగు. సీలు తీసిన పాత డబ్బా అయితే గాలిలో తేమకి పాడై ఉంటుంది.

డోరు, ఫెండర్, బానెట్ మూడింటికీ ఒక లీటరు పెయింట్ తీసుకో. దానికి హార్డనర్ ఎంతో ఆ డబ్బా మీదే రాసి ఉంటుంది. రెండుకి ఒకటి అంటే రెండుకి ఒకటే, కంటితో అంచనా వేయొద్దు. రంగు కలిపించడానికి కోడ్ ఒక్కటే చెప్పి ఊరుకోకు. ఇరవై ఏళ్ళ తెలుపు, కొత్త తెలుపు పక్కపక్కన పెడితే తేడా తెలిసిపోతుంది. పెట్రోల్ మూత మీద ఉండే చిన్న తలుపు విప్పి, కాంపౌండ్‌తో బాగా రుద్ది, దాన్ని జేసీ రోడ్డుకి తీసుకెళ్ళు. ఎండలోకి తెచ్చి సరిపోల్చమను. ట్యూబ్‌లైట్ కింద సరిపోయిన తెలుపు బయటికొస్తే నీలంగా కనిపిస్తుంది.

మదనపల్లి_800

అన్నా, నీకు ఎంత చెప్పినా తక్కువే.

రూఫ్ సగం కాంపౌండ్ చేసి ఫోటో తీసినా. మధ్యలో గీత గీసినట్టు ఒకవైపు సున్నం, ఒకవైపు అద్దం. థిన్నర్ పెడితే ఇప్పుడు గుడ్డ శుభ్రంగా ఉంది. మా మామకి పంపితే "కొన్న రోజు ఇట్లే ఉండె" అన్నాడు. బానెట్ మీద మాత్రం రెట్ట మచ్చల దగ్గర రెండు చోట్ల బూడిద రంగు బయటపడింది, అది పెయింట్‌కే పోతుంది.

డోరు మీద పుట్టీ రుద్దడం మొదలుపెట్టినా. నా చిటికెన వేలి మందాన ఉంది. రెండు ఆదివారాలు పట్టేట్టుంది.

చివరిగా ఒకటే సందేహం. ఎపాక్సీ వేశాక బూత్‌కి పోయే లోపల వారం పది రోజులు పడితే, మధ్యలో బండి వాడొచ్చా? వాన పడితే?

ఆటోనగర్_చెయ్యి

ఎపాక్సీ పూర్తిగా ఆరాక నీళ్ళని లోపలికి రానివ్వదు, వాన పడినా భయం లేదు. అందుకే మామూలు ఫిల్లర్ ప్రైమర్ కాకుండా అది చెప్పాను. ఫిల్లర్ ప్రైమర్ స్పాంజిలా నీళ్ళు పీలుస్తుంది, దాంతో రోడ్డెక్కకూడదు. కానీ ఎపాక్సీకి ఎండ పడదు, నెలల తరబడి అలా వదిలేస్తే అది కూడా సుద్దవుతుంది. వారం పది రోజులైతే ఏమీ కాదు. బూత్‌కి వెళ్ళే ముందురోజు 600 పేపర్‌తో తడిపి మెరుపు చచ్చేదాకా రుద్దు, లేకపోతే పైపొర పట్టుకోదు. తర్వాత దాని మీద ఉత్త చెయ్యి పెట్టకు, చేతి జిడ్డు చాలు పాడుచేయడానికి.

టూకే వేశాక నెల రోజులు వ్యాక్స్, పాలిష్ ఏమీ వద్దు, లోపలి థిన్నర్ బయటికి పోవాలి. మంచినీళ్ళతో కడుక్కో చాలు. ఆ నెల మాత్రం బండిని కానుగ చెట్టు కింద పెట్టొద్దు.